మామయ్య డబ్బింగ్ చెప్పిన సినిమా

మా పళ్ళ డాక్టరు దగ్గర వెయిటింగ్ రూమ్‌లో గోడకి ఒక టీవీ ఉంటుంది. సౌండ్ తీసేసి ఏదో ఒకటి పెడతారు. మొన్న నా వంతు కోసం కూర్చుని తలెత్తితే అందులో నలుపు తెలుపు సినిమా ఒకటి నడుస్తోంది. టోపీ పెట్టుకున్న ఒక కుర్రాడు, పొట్టి జుట్టు అమ్మాయి ఒక టేబుల్ దగ్గర నిలబడ్డారు. ఒకరి మొహం ఒకరు చూసుకోకుండా, టేబుల్ మీదున్న ఫ్లవర్‌వాజు మీదికి వంగి మాట్లాడుకుంటున్నారు. నా పక్క కుర్చీలో ఉన్న అమెరికన్ ముసలావిడ అది చూసి, పువ్వులతో కబుర్లేమిటి వీళ్ళకి అని నవ్వింది.

వాళ్ళేం మాట్లాడుకుంటున్నారో నాకు మాట మాటా తెలుసు. అదీ తెలుగులో. లోపలి నుంచి నర్సు నా పేరు రెండుసార్లు పిలిచిందట. నాకు వినపడలేదు.

అప్పుడు నాకు పదేళ్ళు. అమెరికాలో హెర్న్‌డన్ అనే ఊళ్ళో రెండు బెడ్‌రూముల అపార్ట్‌మెంట్, మూడో అంతస్తు. కారిడార్‌లో పరిచిన కార్పెట్ ఎప్పుడూ కాస్త చెమ్మ వాసన వేసేది. దాని మీదుగా నడుస్తూ ఏ తలుపు ముందు ఆగినా ఆ ఇంట్లో ఆ పూట ఏం వండారో చెప్పేయవచ్చు. మా తలుపు సంగతి చెప్పనక్కర్లేదు, లిఫ్ట్ దిగగానే ఇంగువ. అమ్మ పోపు పెట్టే ముందు హాల్లో పొగ అలారానికి షవర్ క్యాప్ తొడగడం నా పని. కుర్చీ ఎక్కి తొడిగేదాన్ని. ఒకసారి స్కూల్లో ఫైర్ ఇంజన్ గురించి చెప్పారని, అది నిజంగా వస్తుందో రాదో చూద్దామని కావాలనే తొడగలేదు. ఎండుమిరపకాయలు వేగాయి. అలారం మోగింది. బిల్డింగంతా మంచులో దిగి నిలబడింది. అమ్మ నైటీ మీద నాన్న కోటు వేసుకుని, చేతిలో గరిటెతో. ఫైర్ వాళ్ళు పైకి వెళ్ళి వచ్చి, మంటలేమీ లేవు గానీ ఆ వాసన ఏమిటని అడిగితే, మామయ్య వాళ్ళకి ఒక ప్లేటులో గారెలు తెచ్చి పెట్టాడు. వాళ్ళు హెల్మెట్లు చంకలో పెట్టుకుని తిన్నారు. తప్పు నాదని మామయ్యకి తెలుసు. ఎవరికీ చెప్పలేదు.

మామయ్య అంటే అమ్మ తమ్ముడు. ఎం.ఎస్. చేయడానికి వచ్చి మా హాల్లో సోఫా మీద పడుకునేవాడు. యూనివర్సిటీ లైబ్రరీలో పార్ట్ టైమ్ చేసేవాడు, పాత సినిమా రీళ్ళు శుభ్రం చేసి డీవీడీల్లోకి ఎక్కించే గదిలో. అతని స్వెటర్ ఎప్పుడు చూసినా వెనిగర్ వాసన వచ్చేది. పాత ఫిల్ము కుళ్ళితే అలాగే వాసన వేస్తుందట. నాకది ఇష్టంగా ఉండేది. స్కూల్ బస్ దిగి ఇంట్లోకి వచ్చి ఆ వాసన తగిలితే మామయ్య ఉన్నట్టు.

ఒక శనివారం అతను జేబులోంచి ఒక డీవీడీ తీశాడు. కాపీ సరిగా రాలేదని పారేస్తుంటే తెచ్చుకున్నానన్నాడు. సినిమాలకి మాటలు అప్పుడప్పుడే వస్తున్న రోజుల్లో తీసిన కామెడీ. ఇరవై నిమిషాలు. మొదట్లో కొంత ముక్క పాడైపోయి పేరు కూడా లేదు. బట్టలు ఇస్త్రీ చేసే కుర్రాడు ఒక టోపీల షాపులో అమ్మాయిని ప్రేమిస్తాడు. ఆ అమ్మాయి తల్లి వాణ్ణి గొడుగుతో తరుముతుంది. అంతలో ఒక లాయరు వచ్చి, నీ దూరపు చుట్టం ఎవరో చనిపోతూ ఆస్తంతా నీ పేర రాశాడంటాడు. ఇక ఆ తల్లి వాణ్ణి కూర్చోబెట్టి ఆపిల్ పై ముక్క మీద ముక్క తినిపిస్తుంది. ఆఖర్న లాయరు మళ్ళీ వచ్చి, పొరపాటైంది, ఆస్తి నీది కాదు, పై అంతస్తులో ఉండే లావుపాటాయనది అంటాడు. తల్లి చేతిలో ఉన్న ఆపిల్ పై పట్టుకుని మెట్లెక్కి పోతుంది. అమ్మాయి మాత్రం కిందే ఉండిపోతుంది. ఇద్దరూ మిగిలిన ముక్క తింటారు. అంతే కథ.

అందులో అందరూ ఎందుకు ఆ ఫ్లవర్‌వాజు దగ్గరికే వచ్చి మాట్లాడతారని నేను అడిగాను. అందులో మైకు దాచారే, అది పెద్దది, కదలదు, అందుకే మనుషులే కదిలి వస్తున్నారు అని చెప్పాడు మామయ్య. ఇంగ్లీషు సరిగా వినపడక అమ్మ విసుక్కుంటుంటే రిమోట్ తీసుకుని సౌండ్ ఆపేశాడు. తనే తెలుగులో మొదలుపెట్టాడు. కుర్రాడూ తనే, లాయరూ తనే. తల్లి వంతు వచ్చేసరికి గుంటూరు వీధుల్లో ఎవరినో అచ్చు గుద్దినట్టు, "ఒరేయ్ ఇస్త్రీపెట్టె మొహమా, మా గుమ్మం తొక్కావంటే నీకే ఇస్త్రీ చేయిస్తా!" అని గొడుగు లేకపోయినా చెయ్యి ఊపాడు. నాన్న సోఫాలోంచి జారి కింద కూర్చున్నారు నవ్వలేక. సందు దొరికినప్పుడల్లా నేను వీధికుక్కలా మొరిగాను, సినిమాలో కుక్క లేకపోయినా.

అమ్మాయి గొంతు అక్క చెప్పింది.

అక్క అంటే సొంత అక్క కాదు, మామయ్య క్లాస్‌మేటు. వరంగల్ దగ్గరి అమ్మాయి. ఇద్దరు ముగ్గురు అమ్మాయిలతో కలిసి రూమ్‌లో ఉంటూ వీకెండ్‌కి మా ఇంటికి వచ్చేది. చిన్నగా ఉండేది, మాట మాత్రం పెద్దది. "ఏం జేస్తున్నవే పోరీ" అని లోపలికి వచ్చేది, నా జడ విప్పి మళ్ళీ వేసేది. నాన్‌స్టిక్ పెనం మీద సర్వపిండి చేసేది. బియ్యప్పిండిలో పల్లీలు, నువ్వులు, ఉల్లికాడలు వేసి పెనానికి అంటించి, వేలితో బొక్కలు పెట్టి నూనె పోసేది. ఆ బొక్కలు పెట్టే పని నాకిచ్చేది. మొదట్లో అమ్మ "ఇదేం రొట్టె" అంది. నెల తిరక్కుండా ఫ్రిజ్‌లో దాచుకుని తినేది. ఎప్పుడు మొదలైందో తెలియదు గానీ అక్క అమ్మని "వదినా" అని పిలిచేది. అమ్మ పలికేది.

సినిమాలో ఆఖరి సీన్‌లో, ఆస్తి పోయి మొహం వేలాడేసుకున్న కుర్రాడి చెయ్యి పట్టుకుని ఆ అమ్మాయి ఏదో అంటుంది. అక్క అక్కడ, "పోతే పోనీ తియ్. నువ్వున్నవ్ గదా!" అంది. మామయ్య తర్వాతి మాట మర్చిపోయాడు. అమ్మ వాళ్ళిద్దరినీ చూసి వంటింట్లోకి వెళ్ళి అందరికీ టీ పెట్టింది.

ఆ చలికాలమంతా ఇంటికి ఎవరొచ్చినా ఆ సినిమానే. ప్రతిసారీ మాటలు కొంచెం మారేవి, ఆ ఒక్క మాట మాత్రం మారేది కాదు.

చదువు అయిపోయే ముందు అక్కకి దేశానికి అవతలి వైపున్న చాండ్లర్‌లో ఒక చిప్‌లు తయారుచేసే కంపెనీలో ఉద్యోగం వచ్చింది. లెటర్ పట్టుకుని మా ఇంటికే వచ్చింది. భోజనాల దగ్గర అదే మాట.

"ఆ ఎడారిలో ఏం చేస్తావ్? ఇక్కడే ట్రై చెయ్యి. సమ్మర్‌లో పెళ్ళి చేసేసుకుందాం" అన్నాడు మామయ్య, నేను అక్కడే ఉన్నానని చూసుకోకుండా.

"మళ్ళ ఇక్కడ రాకపోతే?" అంది అక్క.

"రాకపోవడమేంటమ్మా. ఒక్కదానివీ అంత దూరం ఎందుకు? మేమంతా లేమూ?" అని అమ్మ ఆమె కంచంలో ఇంకో గరిటె పప్పు వేసింది.

అక్క ఆ ఉద్యోగం వద్దని రాసేసింది. చదువు అయ్యాక ఉద్యోగం వెతుక్కోవడానికి వాళ్ళకి కొన్ని నెలలే గడువుంటుందనీ, అది దాటితే దేశం విడిచి వెళ్ళాలనీ నాకప్పుడు తెలియదు. అక్కడున్న పెద్దవాళ్ళందరికీ తెలుసు.

ఆ తర్వాత ఒక ఆదివారం ఉదయం ఇండియా నుంచి పెదనాన్న ఫోన్ చేశారు. తాతయ్య బతికుండగా హైదరాబాద్ అవతల ఎక్కడో కొంత చౌడునేల కొన్నారు. మేకలు కూడా మేయని నేల కొన్నాడని అమ్మమ్మ ఆయన్ని జీవితమంతా దెప్పిందట. ఆ నేల పక్కనుంచి పెద్ద రోడ్డు పడుతోందనీ, దానికి అవతల ఆఫీసులు కడుతున్నారనీ, కొనేవాళ్ళు ఇంటి ముందు కార్లు ఆపుకుని కూర్చున్నారనీ పెదనాన్న చెప్పారు. ఆ నేల అమ్మది, మామయ్యది. అమ్మ ఫోన్ పెట్టేసి గరిటె పట్టుకునే నేల మీద కూర్చుండిపోయింది. ఉప్మా మాడిపోయింది. ఆ మాడిన ఉప్మానే తిన్నాం. మామయ్య సినిమాలో తల్లి గొంతు పెట్టి "ఇంకో ముద్ద తిను నాయనా, నా బంగారు కొండా" అని తనకి తనే తినిపించుకున్నాడు. అక్క కూడా ఉంది. ఆ రోజు అందరికంటే గట్టిగా నవ్వింది అక్కే.

తర్వాత జరిగినవి ఒకదాని పక్కన ఒకటి పెట్టి చూసుకుంటే ఇప్పుడు అర్థమవుతాయి. అప్పుడు అన్నీ విడివిడిగా జరిగాయి. మామయ్య లైబ్రరీ పని మానేశాడు. స్వెటర్ పోయి లెదర్ జాకెట్ వచ్చింది. కొత్త కారు వచ్చింది. ఇండియా నుంచి ఫోన్లు ఎక్కువయ్యాయి, ఫోన్ వస్తే అమ్మ బెడ్‌రూమ్‌లోకి వెళ్ళి తలుపు వేసుకునేది. మేమంతా స్టీలు కంచాల్లో తింటుంటే అక్కకి పేపర్ ప్లేటులో పెట్టింది ఒకరోజు. కంచాలు డిష్‌వాషర్‌లో ఉన్నాయేమో అనుకున్నాను. లేవు. అలమరలోనే ఉన్నాయి.

ఇంకో రోజు అక్క వంటింట్లోకి వెళ్ళి "వదినా, కారం ఏడున్నది?" అంది. అమ్మ ఉల్లిపాయలు తరుగుతోంది. తల ఎత్తకుండా, "అక్కా అని పిలువమ్మా, చాలు" అంది.

అక్క కారం డబ్బా తనే వెతుక్కుంది.

నాకు ఇవేవీ బాధ అనిపించలేదు. అది నిజం కాబట్టి రాస్తున్నాను. నాకు కొత్త సైకిల్ వచ్చింది, క్లాసులో అందరికంటే ముందు ఐపాడ్ వచ్చింది. దగ్గర్లోని ఆష్‌బర్న్‌లో ఇళ్ళు చూడటానికి వెళ్ళేవాళ్ళం. కొత్త ఇళ్ళల్లో పెయింట్, కోసిన చెక్క వాసన కలిసి ఉంటుంది. ఆ వాసన ముందు నాకింకేదీ గుర్తుకు రాలేదు.

ఒక మధ్యాహ్నం మామయ్య నన్ను స్విమ్మింగ్ క్లాస్ నుంచి తీసుకొస్తూ దారిలో అక్కని ఎక్కించుకున్నాడు. నేను వెనక సీట్లో చెవుల్లో ఐపాడ్ పెట్టుకుని ఉన్నాను. పాట ఆపేశాను. పెద్దవాళ్ళ మాటలు వినడానికి నేను అప్పట్లో నేర్చుకున్న పద్ధతి అది.

"ఇంట్ల ఒప్పుకుంటలేరు అంటవ్. ఇంట్ల అంటే ఎవరు? మీ అక్కనే గదా. నా చేతి తిండి తిన్నది గదా ఆమె" అంది అక్క.

"అది కాదు. ఇప్పుడు పరిస్థితి వేరు. అటునుంచి సంబంధాలు వస్తున్నాయి. చుట్టాలంతా ఉన్నారు. కొంచెం టైమ్ ఇవ్వు."

"నాకు టైమ్ లేదు. నా పర్మిట్ అయిపోతుంది. నీకెరుక గాదా? చాండ్లర్ ఆఫర్ ఎందుకు వదులుకున్న నేను?"

మామయ్య ఎర్ర లైట్ దగ్గర ఆగాడు. స్టీరింగ్ మీద వేళ్ళు ఆడించాడు.

"నేను వదులుకోమనలేదు కదా" అన్నాడు.

లైట్ పచ్చబడింది. వెనక కారు హారన్ కొట్టింది. కొంత దూరం వెళ్ళాక అక్క మెల్లగా, "షాపులున్న కాడ ఆపు, దిగుత" అంది. అతను ఆపాడు. ఆమె దిగి, వెనక కిటికీ దగ్గరికి వచ్చి, నా చెవిలోని వైరు సర్దింది. పాట నడవడం లేదని చూసిందో లేదో నాకు తెలియదు.

తరువాతి శనివారం పొద్దున అమ్మ నన్ను పిలిచి కూర్చోబెట్టింది. "అక్క వస్తే మామయ్య ఇండియా వెళ్ళాడని చెప్పు. నువ్వు చెప్తే నమ్ముతుంది."

నాన్న పేపర్ చదువుతున్నారు. "చిన్నపిల్లని మధ్యలో పెట్టడమెందుకు?" అన్నారు.

"అయితే మీరు చెప్పండి."

నాన్న కారు తాళాలు తీసుకుని, కారుకి ఆయిల్ మార్పించాలంటూ వెళ్ళిపోయారు. మామయ్య బెడ్‌రూమ్‌లో ఉన్నాడు. అతను కూడా విన్నాడు.

పదకొండింటికి బెల్ మోగింది. తలుపు సగం తీసి అడ్డంగా నిలబడ్డాను. అక్క బస్సు దిగి నడిచి వచ్చినట్టుంది, నుదుటి మీద చెమట. చేతిలో ఏమీ లేదు. ఎప్పుడూ ఏదో ఒక డబ్బాతో వచ్చేది.

"మామయ్య ఉన్నడానే? రెండు నిమిషాలు మాట్లాడి పోత."

"మామయ్య ఇండియా వెళ్ళాడు."

"ఎప్పుడు?"

అది అమ్మ నేర్పలేదు. "నిన్న" అన్నాను.

అక్క నా వెనకకి చూసింది. అక్కడ గోడ, షూ స్టాండ్ తప్ప ఏమీ కనపడదు. తర్వాత నా తలలో జారిపోతున్న క్లిప్పు తీసి సరిగ్గా పెట్టింది. "మంచిగ చదువుకో" అని మెట్ల వైపు వెళ్ళింది. లిఫ్ట్ ఉంది, అయినా మెట్లు దిగింది.

మళ్ళీ రాలేదు. వేసవి దాటకముందే దేశం వదిలి వెళ్ళిపోయిందని ఎవరో అంటే విన్నాం. అమ్మ "పోనీలే, పెద్దవాళ్ళ దగ్గర ఉంటుంది" అంది. మామయ్యకి ఆ శీతాకాలమే హైదరాబాద్‌లో పెళ్ళయింది. మా రెండు కుటుంబాలూ ఆష్‌బర్న్‌లో పక్క పక్క వీధుల్లో ఇళ్ళు కొనుక్కున్నాం.

అత్తయ్య మంచి మనిషి. ఇందులో ఆమెకి ఏ సంబంధమూ లేదు, ఏమీ తెలియదు కూడా. నాకు పద్నాలుగో ఏడు నడుస్తుండగా వాళ్ళు ఇంకా పెద్ద ఇల్లు కట్టించుకున్నారు. బేస్‌మెంట్‌లో థియేటర్, వెనక్కి వాలే కుర్చీలు, పాప్‌కార్న్ మెషీన్. గృహప్రవేశం రోజు మధ్యాహ్నం భోజనాలకి ముందు చుట్టాలనీ స్నేహితులనీ అందరినీ కిందికి తీసుకెళ్ళాడు మామయ్య. ఏం వేస్తాడో నాకు తెలుసు, అయినా వేస్తాడనుకోలేదు. గోడంత తెర మీద ఆ టోపీ కుర్రాడు వచ్చాడు. మామయ్య సౌండ్ ఆపేసి లేచి నిలబడి మొదలుపెట్టాడు. ఒక్క మాట మర్చిపోలేదు. గొడుగు దగ్గర అందరూ విరగబడి నవ్వారు.

"అమ్మాయి గొంతు నువ్వు చెప్పవే, నీకు వచ్చుగా" అన్నాడు నాతో.

చెప్పాను. మొదట మామూలుగానే చెప్పాను. ఆఖరి సీన్ వచ్చింది. ఆ అమ్మాయి కుర్రాడి చెయ్యి పట్టుకుంది. నేను అక్క గొంతుతో, అక్క యాసలో, ఆమె ఎక్కడ ఊపిరి తీసుకునేదో అక్కడే తీసుకుని, "పోతే పోనీ తియ్. నువ్వున్నవ్ గదా!" అన్నాను.

అందరూ నవ్వారు. తర్వాతి మాట మామయ్యది. అతను చెప్పలేదు. తెర మీద వాళ్ళిద్దరూ పెదాలు కదుపుతున్నారు, గదిలో పాప్‌కార్న్ మెషీన్ చప్పుడు తప్ప ఏమీ లేదు.

"భలే చేశావే ఆ యాస! ఎవరి దగ్గర నేర్చుకున్నావ్?" అని అడిగింది అత్తయ్య.

నేను మామయ్య వైపు చూశాను. చెబితే బాగుండుననుకున్నాను, అతనే చెబితే. ముందు వరసలోంచి అమ్మ, "టీవీ చూసి" అంది.

"అవునవును. సీరియల్స్ పిచ్చి దీనికి" అన్నాడు మామయ్య. నవ్వాడు. లైట్లు వేశాడు. అందరం పైకి వెళ్ళి పులిహోర తిన్నాం.

అతని ఇల్లు ఆ తర్వాత కూలిపోలేదు. ఆస్తి పోలేదు. పిల్లలు చక్కగా చదువుతున్నారు. పార్టీల్లో ఇప్పటికీ అందరినీ నవ్విస్తాడు. పండక్కి వెళ్తే నాకు ఇష్టమని గారెలు దాచి పెడతాడు. అతను పశ్చాత్తాపపడ్డాడని రాయగలిగితే నాకూ కాస్త తేలికగా ఉండేది. నేను చూసినంతలో అలాంటిదేమీ లేదు. అమ్మతో ఒకసారి ఎత్తితే, "ఎవరి రాత వాళ్ళది, ఇప్పుడెందుకు అవన్నీ" అని టీవీ సౌండ్ పెంచింది.

కాలేజీలో చేరాక ఇంటర్నెట్‌లో అక్కని వెతికి పట్టుకున్నాను. వాళ్ళ ఊరికి దగ్గరలో ఒక కాలేజీలో పాఠాలు చెబుతోంది. ఫోటోలో జుట్టు ముందు భాగం నెరిసింది. పెద్ద ఉత్తరం లాంటి మెసేజ్ రాశాను. ఆ రోజు నేను అబద్ధం చెప్పానని, మామయ్య ఇంట్లోనే ఉన్నాడని, నన్ను క్షమించమని. నాలుగు రోజులకి ఇంగ్లీషు అక్షరాల్లో తెలుగులో జవాబు వచ్చింది.

"పెద్దదానివైనవ్ బిడ్డా. నాకు అప్పుడే తెలుసు. నువ్వు 'నిన్న' అన్నవ్ చూడు, అప్పుడే లోపల ఆయన దగ్గిండు. ఆ దగ్గు నాకు తెల్వదా? లోపలికి రావాలనే అనుకున్న. నీ మొహం చూసిన. ఇంకొక్క మాట అడిగితే ఏడుస్తవ్ అనిపించింది. అందుకే ఎల్లిపోయిన. మంచిగ ఉండు."

దానికి నేను ఒక థాంక్స్ మాత్రం రాశాను. అంతకంటే రాయాల్సింది ఒకటుంది. రెండుసార్లు మొదలుపెట్టి తుడిచేశాను. ఆ రోజు నాకు ఏడుపు రాలేదు. తలుపు వేసి గొళ్ళెం పెట్టి లోపలికి వెళితే మామయ్య మంచం మీద కూర్చుని ఉన్నాడు. నన్ను దగ్గరికి లాక్కుని, తల నిమిరి, "శభాష్, ఎంత బాగా చెప్పావే!" అన్నాడు. నేను సిగ్గుపడి నవ్వాను. మామయ్య నన్ను అంతగా మెచ్చుకోవడం అదే మొదటిసారి. ఆ రోజంతా నేను చాలా సంతోషంగా ఉన్నాను.